చలికి బద్ధకించిన అద్దం

కెమిస్ట్రీ చదివిన పిల్లలు ఈ మధ్య నర్సీపట్నంలో మా ఇంటికి అప్పుడప్పుడు వస్తున్నారు. ఉద్యోగంలో చేరబోయేవాళ్ళు కొందరు, చేరి భయపడుతున్నవాళ్ళు కొందరు. లిక్విడ్ క్రిస్టల్స్ మీద పనిచేశానని చెప్తే, "అయితే టీవీలు చేసేవారా ఆంటీ?" అంటారు.

టీవీలు కాదు. టీవీ అద్దం వెనక పలచని పొరగా ఉండే ద్రవం నా పని. వెలుతురుని ఎప్పుడు వదలాలో ఎప్పుడు ఆపాలో దానికి నేర్పడం నా పని. విశాఖ పక్కన ఒక చిన్న కంపెనీలో చేరి, అక్కడే రిటైరయ్యాను. ఏ హోదాలో చేరాను, ఏ హోదాలో దిగాను అన్నది మీకెందుకూ పనికిరాదు కనుక రాయను. నేను అన్నిటికంటే ఎక్కువ భయపడిన పని ఒకటుంది. ఆ పనిలో నేర్చుకున్నంత మిగతా సర్వీసంతా కలిపినా నేర్చుకోలేదు. అది రాస్తాను.

ఈ పదార్థం స్వభావం

నీళ్ళలో అణువులకి ఒక దిక్కంటూ ఉండదు. రాయిలో అణువులు కదలవు. లిక్విడ్ క్రిస్టల్ ఈ రెండిటికీ మధ్యది. నక్కపల్లి వైపు తీరంలో పడవెక్కినవాళ్ళు కవళ్ళ గుంపుని చూసే ఉంటారు. వేల చేపలు ఈదుతూనే ఉంటాయి, కానీ అన్నీ ఒకే వైపు మొహం పెట్టుకుని. ఏదో కుదుపు తగిలితే మొత్తం గుంపు ఒక్కసారిగా మలుపు తిరుగుతుంది. మా ద్రవంలో అణువులూ అంతే. వాటికి తగిలే కుదుపు కరెంటు. అవి మలుపు తిరిగితే అద్దం చీకటవుతుంది, లేదా తేటపడుతుంది.

పుస్తకంలో ఇది ఎంతో తేలిగ్గా ఉంటుంది. పుస్తకం నొక్కి చెప్పని సంగతి ఒకటుంది. ఈ పదార్థం వాతావరణాన్ని ఒంటికి పట్టించుకుంటుంది. బాగా వేడెక్కితే క్రమం మరిచి మామూలు నీళ్ళలా అయిపోతుంది. చల్లబడితే చిక్కబడి, చెప్పిన మాట ఆలస్యంగా వింటుంది. మన కొలతలన్నీ ఏసీ గదిలో జరుగుతాయి. వాడేవాడు ఏసీ గదిలో ఉండడు.

మూర్తి గారి ప్రశ్న

మా కంపెనీ పెట్టినాయన మూర్తి గారు. మనిషి కోపిష్టి. లెక్క తప్పితే ఎవరనీ చూడకుండా అందరి ముందూ కడిగేసేవారు. అయినా నాకు పని నేర్పింది ఆయనే.

వెల్డింగ్ చేసేవాళ్ళ కోసం మేమొక హెల్మెట్ తయారుచేశాం. మామూలుగా వెల్డర్లు నల్లద్దం బిగించిన షీల్డు ఒక చేత్తో పట్టుకుంటారు. అందులోంచి మంట తప్ప ఇంకేమీ కనిపించదు. అందుకని రాడ్ అంటించేటప్పుడు షీల్డు పక్కకి తీసి చూసుకుంటారు, కళ్ళు పోగొట్టుకుంటారు. మా హెల్మెట్ అద్దం మామూలప్పుడు తేటగా ఉంటుంది. రాడ్ అంటుకుని మెరుపు రాగానే కనురెప్ప వేసేలోపే తనంతట తానే చీకటైపోతుంది. రెండు చేతులూ ఖాళీ.

మొదటి శాంపిల్ పట్టుకెళ్ళినప్పుడు మూర్తి గారు దాన్ని మెచ్చుకోలేదు. వెనక్కి తిప్పి బ్యాటరీ పీకేశారు. అద్దం తేటగానే ఉండిపోయింది.

"పాడైతే ఇది ఏ వైపు పాడవుతుందమ్మా?" అని అడిగారు.

నాకు అర్థం కాలేదు.

"ప్రతి వస్తువూ ఒకరోజు పాడవుతుంది. అది మనిషికి మేలు చేసే వైపు పాడవుతుందా, కీడు చేసే వైపా? మంట మధ్యలో బ్యాటరీ పోతే వాడి గతేమిటి?"

వెనక్కి వెళ్ళి మరో పొర చేర్చాం. ఈ పొరకి కరెంటు ఇస్తేనే తేటపడుతుంది, కరెంటు పోతే తనంతట తానే చీకటైపోతుంది. బ్యాటరీ చచ్చినా కంటికి సగం కాపుదల ఉంటుంది. ఇక కంటిని కాల్చే అతినీల కిరణాలని ముందున్న పూత అద్దం ఎప్పుడూ ఆపుతూనే ఉంటుంది, దానికి బ్యాటరీతో పనిలేదు. ఈసారి మూర్తి గారు బ్యాటరీ పీకి చూసి తల ఊపారు. ఆయన తల ఊపితే మాకు పండగే.

నూకరాజు

నూకరాజు మా చిన్నాన్న కొడుకు. అక్కని మా వైపు పిలిచినట్టు నన్ను అప్పా అని పిలుస్తాడు. రోలుగుంట దగ్గర వాళ్ళకి చెరుకు, జీడితోట ఉండేవి కానీ వాడికి పొలం పట్టలేదు. నర్సీపట్నంలో వెల్డింగ్ షెడ్డు పెట్టుకున్నాడు. చేతిపని బాగుండేది. పొగరూ ఉండేది. హెల్మెట్ తయారయ్యాక వాడికొకటి ఇచ్చాను. ఎండాకాలమంతా వాడాడు. షెడ్డుకి వచ్చిన ప్రతివాడి నెత్తిన అది పెట్టి, "మాయప్ప సేసింది, సూడు," అని చూపించేవాడట.

ఆ చలికాలం వాడికి లంబసింగి పైన పని దొరికింది. కొండవాగు మీద కాలినడకన దాటడానికి ఇనుప వంతెన కడుతున్నారు. వంతెన కింది వైపు అతుకులు వెయ్యాలి. దూలాలకి తాళ్ళు కట్టి పలక వేలాడదీస్తే, దాని మీద కూర్చుని చేసే పని. కింద రాళ్ళు.

ఒక సాయంత్రం వాడి భార్య లక్ష్మి ఫోన్ చేసింది.

"వదినా, నేను సెప్పినట్టు ఆయనకి సెప్పకండి. పనినించి వచ్చి కళ్ళకి తడిగుడ్డ ఏసుకుని పడుకుంటన్నాడండి. దీపం ఎయ్యనివ్వడు. అడిగితే ఏటీ లేదంటాడు. నిన్న అన్నం కంచం పక్కన సెయ్యి పెట్టి తడుముకున్నాడండి."

అప్పటికి మా కంపెనీలో హెల్మెట్లు పెట్టెలకెక్కాయి. ఉత్తరాదిన ఎత్తు కొండల్లో రోడ్లు వేసే ఒక పెద్ద కాంట్రాక్టరు కొంటున్నాడు. సోమవారం లారీ బయల్దేరాలి. పరీక్షలన్నీ సరిగ్గా ఉన్నాయని నేను సంతకం పెట్టాలి. కొనేవాళ్ళు అడిగిన పరీక్షలన్నీ నిజంగానే సరిగ్గా ఉన్నాయి. కానీ లక్ష్మి మాటలు విన్నాక నాకు నిద్ర పట్టలేదు. ఆదివారం తెల్లారుతూనే నర్సీపట్నం నుంచి జీపు మాట్లాడుకుని కొండెక్కాను.

వంతెన కింద

మంచు దట్టంగా ఉంది. డ్రైవరు లైట్లు వేసుకునే నడిపాడు. నేను చేరేసరికి నూకరాజు అప్పటికే పలక మీద ఉన్నాడు. కాంట్రాక్టరు తొందరపెడుతున్నాడని సైట్ సూపర్‌వైజర్ రమణ చెప్పాడు. నేను గట్టు మీద పక్కగా నిలబడ్డాను. అక్కడి నుంచి వాడి భుజాలు, హెల్మెట్, కాళ్ళ కింద పలక కనిపిస్తున్నాయి.

వాడు రాడ్ అంటించాడు. మంచులో నీలం వెలుగు లేచింది. ఆ క్షణంలోనే వాడి తల చటుక్కున వెనక్కి పోయింది, ఎవరో మొహం మీద కొట్టినట్టు. మళ్ళీ ముందుకొచ్చి పని చేశాడు. అతుకు ముగిసి మంట ఆరింది. వాడు కదల్లేదు. హెల్మెట్ ఎత్తలేదు. కాసేపు అలాగే కూర్చుని, తర్వాత చేత్తో పలక అంచు తడుముకుని జరిగాడు. మళ్ళీ అంటించాడు. మళ్ళీ తల వెనక్కి పోయింది.

వాడు చూస్తూ పనిచేయడం లేదని అప్పుడర్థమైంది. తడుముకుని చేస్తున్నాడు.

రమణకీ అదే అనిపించినట్టుంది, పిలవడానికి నోరు తెరిచాడు. నేను చెయ్యి పట్టుకున్నాను.

"పిలవకండి. ఉలిక్కిపడి ఇటు తిరుగుతాడు."

"జనరేటర్ ఆపించీమంటారా?"

"వద్దు. ఉన్నట్టుండి మంట ఆరితే కాలెక్కడుందో కూడా తెలీదు వాడికి. రాడ్ అయిపోనివ్వండి. హెల్మెట్ ఎత్తినాక మెల్లిగా పిలుద్దాం."

వెల్డింగ్ రాడ్ కాలిపోవడానికి పెద్దగా సమయం పట్టదు. ఆ రోజు అది ఎంతకీ తరగలేదు. రాడ్ పొట్టిదవుతుంటే చూస్తున్నాను. చివరికి మంట ఆరింది. వాడు హెల్మెట్ ఎత్తాడు. కళ్ళు మూసే ఉన్నాయి.

"రాజూ," అన్నాను, ఇంట్లో పిలిచినంత నెమ్మదిగా. "కదలకు. నేనే."

"అప్పా? నువ్వేటిక్కడ?"

"కదలకన్నానా. కాసేపలాగే కూకో."

వాడికి సిగ్గేసినట్టుంది. "ఏటీ లేదప్పా, ఒచ్చేస్తన్నాను," అంటూ లేచాడు. కుడికాలు పలక మీద పడాల్సింది, గాలిలో పడింది.

అరుపు వినబడలేదు. తాడు బిగిసిన చప్పుడొకటి వినబడింది. నడుముకున్న బెల్టు పట్టుకుంది. వాడు దూలం కింద వేలాడుతున్నాడు. చేతిలోంచి జారిన రాడ్ హోల్డర్ కేబుల్‌తో సహా ఊగి ఇనుప దూలానికి తగిలి నిప్పులు చిమ్మింది. ఇందాక ఆపొద్దన్న నేనే ఇప్పుడు "ఆపండి, జనరేటర్ ఆపండి," అని గొంతు చించుకున్నాను. రమణ పరుగెత్తాడు. చప్పుడు ఆగిపోయింది. ఇద్దరు మనుషులు దూలం మీద బోర్లా పడుకుని వాణ్ణి చంకల కింద పట్టి పైకి లాగారు.

బెల్టు కొక్కెం తగిలించకపోతే పలక మీదికి దిగనివ్వనని ఆ పొద్దున రమణ గొడవపడ్డాడట. నూకరాజు విసుక్కుంటూ తగిలించాడట. నా చదువు కాదు, ఆ రోజు వాణ్ణి బతికించింది రమణ గొడవ.

చలిమంట దగ్గర కూర్చోబెట్టాం. కళ్ళ వెంట నీళ్ళు కారుతూనే ఉన్నాయి.

"ఎప్పట్నుంచి ఇలాగ?"

"ఈ కొండకొచ్చిన కాణ్ణించీ అప్పా. అంటించగానే తెల్లగా కొడతంది. తర్వాత నల్లబడతంది. ఆ తెలుపు కళ్ళల్లోంచి పోదు. బ్యాటరీ అయిపోనాదనుకుని మార్చినాను. అయినా అంతే."

"మరి నాకు చెప్పవేంరా?"

వాడు మంటకేసి చూడలేక మొహం తిప్పుకున్నాడు. "ఏటని సెప్పను? ఊరందరికీ మాయప్ప సేసిందని సూపించినాను. పన్సెయ్యట్లేదంటే పరువు నీదే కదా పోద్ది."

ఆ హెల్మెట్ తీసి పెట్టుకున్నాను. రాత్రంతా బయట షెడ్డులో ఉన్న వస్తువు, నుదుటికి తగిలితే ఐసుగడ్డలా ఉంది. రమణ మనుషుల్లో ఒకణ్ణి నేల మీద ఇనుపముక్క పెట్టి రాడ్ అంటించమన్నాను. తెల్లటి మెరుపు కళ్ళలోకి దూసుకొచ్చింది, ఆ తర్వాతే చీకటి పడింది. ఎండెక్కేదాకా అక్కడే కూర్చున్నాను. హెల్మెట్ ఎండలో పెట్టి వెచ్చబడనిచ్చి అదే పరీక్ష మళ్ళీ చేశాను. మెరుపు లేదు. అంతా సరిగ్గా పనిచేసింది.

ఏ పొర ఆలస్యం చేస్తోందో దిగేదారిలో తెలిసింది. కరెంటు తోస్తే తిరిగే పొర చలిలోనూ బాగానే తిరుగుతుంది. మేం కాపుదల కోసం చేర్చిన రెండో పొరని ఎవరూ తొయ్యరు. కరెంటు తీసేస్తే అది తనంతట తాను చీకటిలోకి వాలాలి. తోసిన తలుపు బేగి పడుతుంది. వదిలేసిన తలుపు తన తీరికలో పడుతుంది. చలికి ద్రవం చిక్కబడితే ఆ తీరిక ఇంకా పెరుగుతుంది. కంటిని కాల్చే కిరణాలు లోపలికి రాలేదు కాబట్టి వాడి చూపు పోలేదు. కానీ రోజంతా మెరుపు మీద మెరుపు తింటే, ఎత్తులో వేలాడే మనిషికి అది చాలు.

లంబసింగి చలికే ఇలా ఉంటే ఉత్తరాది కొండల్లో ఎలా ఉంటుందో ఊహించుకున్నాను.

సోమవారం

నేను వెళ్ళేసరికి లారీకి పెట్టెలెక్కిస్తున్నారు. మూర్తి గారికి జరిగిందంతా చెప్పాను. ఆయన మధ్యలో ఆపకుండా విన్నారు.

"మీ తమ్ముడు క్షేమమే కదా?"

"క్షేమమే సార్."

"దేవుడి దయ. ఇప్పుడు విను. వాళ్ళు ఎంత చలికి పరీక్ష చెయ్యమన్నారో అంత చలికి చేశాం. పాసయింది. అంతకన్నా చలిలో వాడొద్దని ఒక కాగితం పెట్టెలో పెడదాం."

"ఆ కాగితం కొనే ఆఫీసులో ఉండిపోతుంది సార్. హెల్మెట్ కొండ మీదికి పోతుంది."

"ఈ సరుకు ఆగితే జీతాలు ఎక్కణ్ణుంచి ఇవ్వాలో చెప్పు. నీకు పరీక్ష సంగతి తెలుసు, నాకు ఈ బిల్డింగ్‌లో పనిచేసే మనుషుల సంగతి తెలుసు."

ఆయన దొంగమాట చెప్పడం లేదు. ఆ భయం నిజమే. అయినా ఆయన నాకు నేర్పిన ప్రశ్నే ఆయన్ని అడిగాను.

"పాడైతే ఇది ఏ వైపు పాడవుతుంది సార్?"

ఆయన మొహం ఎర్రబడింది. "బయటికెళ్ళు," అన్నారు.

"వెళ్తాను. నేను సంతకం పెట్టను. ఇంకెవరిచేతనైనా పెట్టించి పంపితే కొన్నవాళ్ళకి నేనే ఫోన్ చేస్తాను. మీ వెనకాల చెయ్యడం ఇష్టం లేక ముందే చెబుతున్నాను."

ల్యాబ్‌లోకి వచ్చి కూర్చున్నాను. గోడలు పలచన, అందరూ అంతా విన్నారు. కిటికీలోంచి లారీ కనిపిస్తోంది. చివరి పెట్టె ఎక్కింది, తలుపు వేశారు, ఇంజన్ స్టార్టయింది. ఫోన్ చేతిలోకి తీసుకున్నాను. కొన్నవాళ్ళ నంబరు తెరిచి, నొక్కకుండా చూస్తూ ఉండిపోయాను. ఆ నంబరు నొక్కితే నా ఉద్యోగమొక్కటే కాదు, చుట్టూ తలలు వంచుకు కూర్చున్నవాళ్ళ ఉద్యోగాలూ పోవచ్చు. నొక్కకపోతే ఏం కావచ్చో నిన్న పొద్దున కళ్ళారా చూశాను.

లారీ గేటు దాకా వెళ్ళింది. అక్కడ ఆగింది. మూర్తి గారు చెప్పులు కూడా సరిగ్గా తొడుక్కోకుండా దాని ముందు నిలబడి ఉన్నారు. డ్రైవరుతో ఏదో అన్నారు. ఇంజన్ ఆగిపోయింది. కొన్నవాళ్ళకి ఆయనే ఫోన్ చేశారు. ఏం మాట్లాడారో నాకు తెలియదు.

ధైర్యం చేస్తే దండలు పడతాయని ఎవరైనా చెబితే నమ్మకండి. ఆ ఆర్డరు పోయింది. జీతాలు ఆలస్యమయ్యాయి. ఇద్దరు మంచి పనివాళ్ళు వేరే చోటు చూసుకున్నారు. క్యాంటీన్‌లో నేను కూర్చున్న బల్ల దగ్గరికి చాలాకాలం ఎవరూ రాలేదు. మూర్తి గారు పని తప్ప వేరే మాట మాట్లాడలేదు. మళ్ళీ అదే పరిస్థితి వస్తే అలాగే చేస్తానా అని మీరడిగితే, చేస్తాను. కానీ ఉత్త చేతుల్తో వెళ్ళను. ఆ చలి పరీక్ష మొదట్లోనే చేయమని పోట్లాడతాను. సరుకు పెట్టెలకెక్కాక పలికే నిజానికి ఖరీదు ఎక్కువ. ఇంకొకటి కూడా చెప్పాలి. కొనేవాళ్ళు రాసిచ్చిన కొలత వాళ్ళకి తోచిన ప్రశ్న మాత్రమే. వాళ్ళకి తోచని ప్రశ్న వెయ్యడానికే మనకి జీతమిస్తారు.

బాగుచేయడం

ముందు ద్రవాన్ని పలచబరిచాను. చలిలో చురుగ్గా కదిలింది. సంబరపడ్డాను. వేసవి రాగానే రేకుల షెడ్డు వేడికి అదే ద్రవం క్రమం తప్పి, అద్దం మాట వినడం మానేసింది. చలికి సరిపోయింది ఎండకి సరిపోలేదు. ఎండకి సరిపోయింది చలికి సరిపోదు. ఎన్ని సీసాలు పారబోశానో లెక్కలేదు. మెటీరియల్స్ పని అంటే ఎక్కువ భాగం ఇదే. ఒక గుణం కొనుక్కుంటే ఇంకో గుణం అమ్ముకోవాలి.

దారి చూపించింది నాతో పనిచేసే సుజాత. గాజు పలకలు అతికించే విభాగం ఆమెది. ఒకరోజు నా బల్ల దగ్గరికి వచ్చి కూర్చుంది. కొత్త ఆలోచన కన్నా ముందు నాకు ఆ కూర్చోవడమే గుర్తుంది.

"ద్రవాన్నే ఎందుకు మారుస్తున్నారు మేడం? రెండు గాజుల మధ్య సందు తగ్గించి చూద్దాం. పొర పలచనైతే అణువులు వెనక్కి వాలడానికి ఎక్కువసేపు పట్టదు కదా."

అది అందరికీ తెలిసిన సూత్రమే. కానీ అంత సన్నటి సందులో ఎక్కడ చిన్న దుమ్ము పడినా అద్దం మీద మచ్చ పడుతుంది. ఆ భయంతో మేమెవరం దాని జోలికి పోలేదు. సుజాత నెలల తరబడి ఆ దుమ్ముతో యుద్ధం చేసింది. నేను ఎండకి నిలిచే ద్రవాన్నే కొంచెం సరిచేశాను. చివరికి ఐసుపెట్టెలోంచి తీసినా, ఎండలోంచి తీసినా ఒకేలా పనిచేసే అద్దం వచ్చింది. పేటెంటుకి పంపినప్పుడు మూర్తి గారు సుజాత పేరు ముందు రాయించారు. అది న్యాయం.

మళ్ళీ కొండ మీద

మరుసటి చలికాలం కొత్త హెల్మెట్లు పట్టుకుని మళ్ళీ లంబసింగి వెళ్ళాం. మూర్తి గారూ వచ్చారు, మంకీ క్యాప్ పెట్టుకుని. హెల్మెట్లు రాత్రంతా ఆరుబయట ఉంచాం. పొద్దున్నే నేల మీద ఇనుప పలక వేసి, జనరేటర్ పెట్టాం. మొదటిది నేనే పెట్టుకుంటానని ముందే అనుకున్నాను. రాడ్ అంటించడం కూడా కొంత నేర్చుకున్నాను.

నూకరాజుని నేను పిలవలేదు. ఆ ఏడాదంతా వాడు పాత నల్లద్దం షీల్డుతోనే పనిచేశాడు. నా హెల్మెట్ మాట ఎత్తితే నేల చూపులు చూసేవాడు. అలాంటిది ఆ పొద్దున మంచులోంచి బండి మీద వచ్చి దిగాడు. రమణ చెప్పాడట.

నా చేతిలో రాడ్ రెండుసార్లు పలకకి అతుక్కుపోయింది. వాడు కాసేపు చూశాడు.

"నువ్వు అంటించలేవు గానీ ఇలాగియ్యప్పా."

"వద్దురా. ముందు నేను చూడనీ."

"ఇలాగియ్యి."

నా తల మీది హెల్మెట్ తీసి తన తలకి పెట్టుకున్నాడు. చలికి తెల్లటి ఆవిరి దాని చుట్టూ లేస్తోంది. వాడు వంగి కూర్చున్నాడు. హోల్డర్ పట్టుకున్న చెయ్యి ఒకసారి ఆగింది. మూర్తి గారు నా పక్కకి వచ్చి నిలబడ్డారు.

నీలం వెలుగు లేచింది. నేను మంట చూడలేదు, వాడి మెడ చూస్తున్నాను. తల వెనక్కి పోలేదు. రాడ్ చివరిదాకా కాలింది. మంట ఆరింది. వాడు హెల్మెట్ ఎత్తాడు. కళ్ళు తెరిచే ఉన్నాయి.

"తెల్లగా ఏటన్నా కనపడిందా?"

"ఏటీ కనపళ్ళేదప్పా," అన్నాడు.

ఇంకో రాడ్ తగిలించుకుని, ఎవరూ అడక్కుండానే మళ్ళీ అంటించాడు.